డిన్నర్ క్రూజా, ఫెర్రీ ఎక్కి ఒడ్డున భోజనమా?

ఖర్చు: క్రూజ్ టికెట్‌లో షికారు, భోజనం, తరచూ పాటలు కూడా కలిసే ఉంటాయి. డ్రింక్స్‌కి, కిటికీ పక్క టేబుల్‌కి చాలాచోట్ల అదనం. జనం రోజూ ఎక్కే ఫెర్రీ టికెట్ దాని ముందు చిల్లర లెక్కే.

తిండి: ఒడ్డుదే పైచేయి. పడవలో వంటగది ఇరుకు, అందరికీ ఒకేసారి వడ్డించాలి. అందుకే చాలా వంటకాలు ముందే వండి వేడి చేసినవి.

దృశ్యం: క్రూజ్ రెండు మూడు గంటలు నింపాదిగా తిప్పుతుంది. అయితే చీకటి పడ్డాక లోపలి లైట్లే అద్దంలో మెరుస్తాయి, బయటిది సరిగా కనపడదు. డెక్ మీదకి వెళ్లనిస్తారో లేదో బుకింగ్‌కి ముందే అడగాలి; నా దృష్టిలో డబ్బు దండగా కాదా అన్నది తేలేది ఇక్కడే. ఫెర్రీలో బయట నిలబడితే అదే నగరం, అదే గాలి, కాకపోతే త్వరగా అయిపోతుంది.

రిస్క్: క్రూజ్ నచ్చకపోయినా మధ్యలో దిగలేం. పసిపిల్లలుంటే ఇదే టెన్షన్. ఫెర్రీకి చివరి ట్రిప్ టైమ్ చూసుకుంటే చాలు.

పెళ్లిరోజుకి, ఎక్కువ నడవలేని పెద్దవాళ్లతో వెళ్తే క్రూజ్. రుచి, బడ్జెట్ ముఖ్యమైతే ఫెర్రీ. క్రూజే ఖాయమైతే సూర్యాస్తమయానికి కాస్త ముందు బయల్దేరేది ఎంచుకోండి.