ష్రూస్‌బరీ కోసం నాటింగ్‌హామ్‌లో రెండు రోజులు

లండన్‌లో లార్డ్స్ క్రికెట్ మైదానం టూర్ అయిపోయి బయటికి వస్తుంటే మావయ్యగారు అడిగారు, "అల్లుడుగారూ, డబ్బులు తీసుకుని ఆడినవాళ్లు ఏ గేటులోంచి దిగేవాళ్లో చూపించలేదేం?"

నిజమే, చూపించలేదు. టూర్‌కి వంక పెట్టడానికి లేదు. లాంగ్ రూమ్, యాషెస్ కలశం, గ్రేస్ గేట్లు అన్నీ తిప్పారు, గైడు సరదా మనిషి. టికెట్ డబ్బులు దండగ కాలేదు. కానీ ఇంగ్లండ్ క్రికెట్‌లో 1962 దాకా రెండు కులాలుండేవి. అమెచ్యూర్లంటే దొరబాబులు, ప్రొఫెషనల్సంటే మ్యాచ్‌కింత అని పుచ్చుకునేవాళ్లు. ఇద్దరికీ డ్రెస్సింగ్ రూములు వేరు, మైదానంలోకి వచ్చే గేట్లు వేరు. స్కోర్‌కార్డు మీద దొరగారి ఇనీషియల్స్ పేరుకి ముందు, రెండోవాడివి పేరుకి వెనక. 1950లో ఫ్రెడ్ టిట్మస్ అనే కుర్రాడి ఇనీషియల్స్ పొరపాటున ముందు పడితే, ఇదే లార్డ్స్‌లో మైకు పెట్టి మరీ దిద్దారు. ఈ సంగతంతా మా గైడు ఒక్క జోకులో తేల్చేశాడు.

మావయ్యగారికి ఆ జోకు ఆనలేదు. ఆయనది మంగళగిరి, మగ్గాల ఇంట్లో పుట్టిన మనిషి. ఉద్యోగం పోస్టాఫీసులో, ప్రాణం రేడియో కామెంటరీలో. మేముండే లెస్టర్ నుంచి నాటింగ్‌హామ్ రైల్లో అరగంట దూరమే. అలా డబ్బులు తీసుకుని ఆడిన ఆర్థర్ ష్రూస్‌బరీ ఊరు అదే కాబట్టి మరుసటి శనివారం అక్కడికి ప్రయాణం కట్టాం.

ష్రూస్‌బరీ ఎవరని మా ఆవిడ అడిగింది. మీలో కొందరికీ అదే ప్రశ్న ఉండొచ్చు. టెస్టుల్లో వెయ్యి పరుగులు దాటిన మొదటివాడు. 1893లో లార్డ్స్‌లో 106, 81 కొట్టి ఆ మైలురాయి దాటాడు. తడి పిచ్‌ల మీద ఆయన్ని మించినవాడు లేడని ఆ కాలం వాళ్ల మాట. మీ తర్వాత ఎవరు అని ఆ కాలపు మేటి బ్యాట్స్‌మన్ డబ్ల్యూ.జి. గ్రేస్‌ని అడిగితే "నాకు ఆర్థర్‌ని ఇవ్వండి" అన్నాడని చెప్పుకుంటారు. ఏడు టెస్టుల్లో ఇంగ్లండ్‌కి కెప్టెన్ కూడా. అయితే ఆ ఏడూ ఆస్ట్రేలియా గడ్డ మీదే, తనూ తన జతగాళ్లూ సొంతంగా డబ్బు పెట్టి నడిపిన టూర్లలో. 1887 తర్వాత ఇంకో ప్రొఫెషనల్‌ని ఇంగ్లండ్ కెప్టెన్‌గా చూడాలంటే 1952 దాకా ఆగాల్సి వచ్చింది. అది లెన్ హట్టన్, లీడ్స్‌లో, మన మీదే. మనవాళ్లు సున్నాకి నాలుగు వికెట్లు పోగొట్టుకున్న టెస్టు. "ఆ మ్యాచ్‌లో మన హైదరాబాద్ గులాం అహ్మద్ అయిదు వికెట్లు తీశాడు, అది ఎవడూ చెప్పడు" అని మావయ్యగారు రైల్లో పక్క సీటాయనకి తెలుగులోనే వివరించారు. ఆయన మర్యాదగా తలూపాడు.

బస గురించి రెండు మాటలు. ట్రెంట్ బ్రిడ్జ్ క్రికెట్ గ్రౌండ్‌కి దగ్గరని వెస్ట్ బ్రిడ్జ్‌ఫర్డ్‌లో ఒక చిన్న గెస్ట్‌హౌస్ తీసుకున్నాం. పేరు చెప్పను. మధ్యాహ్నం మూడు దాకా గది ఇవ్వం అన్నారు, సరే. బ్యాగులన్నా పెట్టుకోనివ్వరా అంటే రిసెప్షన్‌లో అడగడానికి మనిషే లేడు, తలుపు మీద ఒక ఫోన్ నంబరుంది, అది మోగుతూనే ఉంది. రాత్రి షవర్‌లో వేడినీళ్లు నాలుగు నిమిషాలొచ్చి ఆగిపోయాయి. బకెట్టూ చెంబూ లేని బాత్‌రూమంటే మావయ్యగారికి ముందే టెన్షన్. చివరికి టీ కెటిల్‌తో నీళ్లు కాచి, చెత్తబుట్ట కడిగి అందులో తొరిపాను. మళ్లీ వెళ్తే స్టేషన్ దగ్గరే దిగుతాను. అక్కణ్ణుంచి గ్రౌండ్‌కి నడిచినా ఇరవై, పాతిక నిమిషాలే. దారిలో నాట్స్ కౌంటీ, ఫారెస్ట్ ఫుట్‌బాల్ మైదానాలు కూడా తగులుతాయి.

ట్రెంట్ బ్రిడ్జ్ మాత్రం నాకు లార్డ్స్ కన్నా నచ్చింది. పెద్ద గ్రౌండే అయినా ఊరి గ్రౌండ్‌లా ఉంటుంది. 1886 నాటి పెవిలియన్, దాని పక్కన పబ్బు. అసలు ఈ మైదానం పుట్టిందే పబ్బు పెరట్లో. విలియం క్లార్క్ అని తాపీ మేస్త్రీ, ఒక కన్ను పోయినా చేయి కిందినుంచి ఊపి స్లో బౌలింగ్ వేసేవాడు. ట్రెంట్ బ్రిడ్జ్ ఇన్ యజమానురాలిని పెళ్లి చేసుకుని, 1838లో వెనక స్థలాన్ని క్రికెట్ గ్రౌండ్ చేసి, చూడ్డానికి టికెట్ పెట్టాడు. తర్వాత 1846లో ఆల్ ఇంగ్లండ్ ఎలెవన్ అని జట్టు కట్టి, రైలొచ్చిన ప్రతి ఊరికీ తిప్పాడు. అక్కడి లోకల్ వాళ్లు 22 మంది, వీళ్లు పదకొండు మంది. ఆటగాళ్లకి మ్యాచ్‌కి నాలుగు నుంచి ఆరు పౌండ్లు, మిగిలింది క్లార్క్ జేబులోకి. అక్కడే పేచీ వచ్చి కొందరు విడిపోయి 1852లో పోటీ జట్టు పెట్టుకున్నారు. ఈ రోజు ఆయన పేరు మీద స్టాండ్ ఉంది. "సగం ఆటలాడించే కాంట్రాక్టరు, సగం మేస్త్రీ" అన్నారు మావయ్యగారు. నేతగాళ్లకి పనిచ్చి లాభం పుచ్చుకునే మాస్టర్ వీవర్లని చూసి పెరిగినాయన కదా, ఆ మనిషిని వెంటనే గుర్తుపట్టారు.

ఇప్పుడున్న పబ్బు భవనం క్లార్క్ నాటిది కాదు, ఆ తర్వాత కట్టింది. చిప్స్ వేడిగా ఉన్నాయి, బీరు సంగతి నేను మావయ్యగారి ముందు చెప్పలేను. గ్రౌండ్ టూర్‌కి ముందే బుక్ చేసుకోవాలి. మ్యాచ్ రోజుల్లో టూర్ల మీద ఆశ పెట్టుకోవద్దు.

మధ్యాహ్నం బస్సులో రడ్డింగ్టన్ వెళ్లాం. ట్రెంట్ బ్రిడ్జ్ చూడ్డానికి వచ్చినవాళ్లలో నూటికి ఒక్కరు కూడా ఇటు రారనుకుంటా. ఇక్కడ ఫ్రేమ్‌వర్క్ నిట్టర్స్ మ్యూజియం ఉంది. మేజోళ్లు అల్లే కార్మికుల ఇళ్లు, షెడ్లు, 1829 నాటివి. ఈ చుట్టుపక్కల ఊళ్లన్నీ ఆ అల్లిక మీదే బతికాయి, నాటింగ్‌హామ్‌షైర్ బౌలర్లు వరసగా ఆ ఊళ్లలోంచే వచ్చారు. పొద్దస్తమానం ఫ్రేమ్ ముందు కూర్చునేవాడికి మ్యాచ్‌కి అయిదు పౌండ్లంటే ఏమిటో ఈ షెడ్డులో నిలబడితేగాని తెలియదు.

పై అంతస్తు పొడవునా కిటికీలే, వెలుతురు కోసం. కింద ఇనుప ఫ్రేములు, కాళ్ల దగ్గర తొక్కుడు కర్రలు. ఒక పెద్దావిడ కూర్చుని ఆడించి చూపించింది. గడగడమని ఒక్కసారి శబ్దం, వెంటనే ఒక వరస పడింది. మావయ్యగారు వంగి చాలాసేపు చూశారు. "నేత కాదిది, అల్లిక. కానీ నడుం నొప్పి మాత్రం మాదే" అన్నారు. ఫ్రేమ్ కార్మికుడిది కాదు, దానికి వారం వారం అద్దె కట్టాలి, పని లేకపోయినా కట్టాలి అని ఆవిడ చెప్పింది. నేను తెలుగులో చెప్పేలోపే ఆయనకి అర్థమైపోయింది. చేత్తో తిప్పే మేజోళ్ల మెషీను కూడా తిప్పనిచ్చారు. మావయ్యగారు మూడంగుళాలు అల్లి, అది కత్తిరించి ఇస్తారేమోనని ఎదురుచూశారు. ఇవ్వలేదు. రోజూ తెరవరు కాబట్టి వెళ్లేముందు తప్పకుండా చూసుకోండి.

ఆదివారం గెడ్లింగ్. ఊరికి తూర్పున, బస్సు దిగితే ఆల్ హాలోస్ చర్చి ఎత్తైన శిఖరం దూరం నుంచే కనబడుతుంది. చుట్టూ సమాధులు. టికెట్ లేదు, గైడు లేడు, బోర్డు చూసి పోల్చుకుందామంటే అదీ మాకు దొరకలేదు. గడ్డి తడిసి ఉంది. పావుగంట తిరిగాక మావయ్యగారే మొదట కనిపెట్టారు, "ఇదిగో, ష్రూస్‌బరీ!"

ఈయన మహా బిడియస్తుడట. బట్టతలంటే సిగ్గు, టోపీ తీసేవాడు కాదు. పెళ్లి చేసుకోలేదు. 1902లో ట్రెంట్ బ్రిడ్జ్‌లో ఒకే మ్యాచ్‌లో రెండు సెంచరీలు చేశాడు, రెండూ నాటౌట్. ఆ తర్వాత ఒంట్లో బాగోక, తనది నయంకాని రోగమనే దిగులు పట్టుకుంది. డాక్టర్లు ఎంత చెప్పినా అది పోలేదు. 1903 మే 19న ఇదే గెడ్లింగ్‌లో, అక్కచెల్లెళ్లలో ఒకరి ఇంట్లో, తన ప్రాణం తానే తీసుకున్నాడు. 47 ఏళ్లు.

కొంచెం దూరంలో ఆల్‌ఫ్రెడ్ షా. 1877 మార్చి 15న మెల్‌బోర్న్‌లో టెస్ట్ క్రికెట్ మొట్టమొదటి బంతి వేసింది ఈయనే. కెరీర్ మొత్తంలో ఇచ్చిన పరుగుల కన్నా వేసిన ఓవర్లే ఎక్కువ. ఓవర్‌కి నాలుగే బంతులున్న రోజులవి, అయినా చిన్న సంగతి కాదు. వీళ్లిద్దరూ జతగాళ్లు. 1881లో అయిదుగురిని కలుపుకుని, రాతపూర్వకంగా కాంట్రాక్టు ఇస్తేగాని ఆడం అని నాటింగ్‌హామ్‌షైర్ క్లబ్బు మీద సమ్మె చేశారు. క్రీడా సామాన్ల కొట్టు పెట్టారు. ఆస్ట్రేలియాకి జట్లు తీసుకెళ్లారు. 1888లో ఏకంగా రగ్బీ టీముని కూడా పంపి 35 మ్యాచ్‌లు ఆడించి, నష్టపోయారు. ఇదంతా ఎందుకంటే నలభై దాటాక ప్రొఫెషనల్‌కి చూసే నాథుడు ఉండడు. అదే కాలంలో, 1891-92 టూర్‌కి "అమెచ్యూర్" గ్రేస్ పుచ్చుకున్నది 3,000 పౌండ్లు. ఆ టూర్ మేనేజర్ షాయే!

షాని ష్రూస్‌బరీకి 22 గజాల దూరంలో, అంటే సరిగ్గా పిచ్ పొడవంత దూరంలో, పూడ్చాలనుకున్నారనీ, కొలిస్తే 27 వచ్చిందనీ, ఆ అయిదు గజాలూ షా బంతి వేయడానికి పరుగెత్తి వచ్చే రనప్‌కి వదిలారనీ ఇక్కడో కథ ఉంది. మావయ్యగారు నన్ను షా దగ్గర నిలబెట్టి, ష్రూస్‌బరీ వైపు అడుగులు లెక్కపెట్టడం మొదలెట్టారు. మధ్యలో సమాధులు అడ్డం, వాటిని తొక్కకుండా చుట్టు తిరిగి వెళ్లాలి, చుట్టు తిరిగినప్పుడల్లా లెక్క తప్పుతుంది. మూడుసార్లు లెక్కపెట్టారు. ముప్ఫై ఒకటి, ఇరవై తొమ్మిది, ముప్ఫై నాలుగు.

"మీ అడుగు గజం ఉండదు మావయ్యగారూ" అన్నాను.

"కాసేపు బౌలరు వైపు మాట్లాడకండి అల్లుడుగారూ" అని నాలుగోసారి మొదలెట్టారు. బస్సు రావడానికి ఇంకా ఇరవై నిమిషాలుంది, బ్యాగులో పులిహోర ఉంది, నేనక్కడే గట్టు మీద కూర్చున్నాను.