దస్తూరి పెట్టలేని రాయసగాడు: రెండేళ్ల వాడకం తర్వాత

నల్లగొండలో అర్జీలు, ప్రాంసరీ నోట్లు రాసిపెట్టడం నా వృత్తి. రెండేళ్లుగా ఒక కృత్రిమ మేధ యాప్‌తో చిత్తుప్రతులు రాయించుకుంటున్నాను. అది ఏమేమి చేయగలదో అందరికీ తెలిసిందే కనుక ఆ జోలికి పోను. నాకు ఇప్పటికీ మింగుడుపడనిది అది క్షమాపణ చెప్పే తీరు.

గత వేసవిలో మర్రిగూడ వైపు నుంచి 42 ఏళ్ల మనిషి ఒకాయన వికలాంగుల పింఛను అర్జీ కోసం వచ్చాడు. "మోకాళ్లు వంగుతలేవు సారూ, మెడ తిరుగుతలేదు" అన్న ఆయన మాటలను ఉన్నవున్నట్టు యాప్‌కు వినిపించాను. క్షణంలో చక్కని అర్జీ తయారైంది, కాకపోతే అందులో జబ్బు పేరు కీళ్లవాతం. బోరునీళ్లలోని ఫ్లోరైడ్ ఎముకలను బిగించేస్తుందని ఈ జిల్లాలో బడిపిల్లలకూ తెలుసు. లోకంలోని రాతలన్నీ పోగేసుకుని, ఏ మాట వెంట ఏ మాట ఎక్కువగా వస్తుందో లెక్కగట్టి రాసే యంత్రానికి మాత్రం మోకాళ్ల బాధ అంటే కీళ్లవాతమే. మర్రిగూడ ఎముకలు ఆ కుప్పలో ఎక్కడో అడుగున పడివుంటాయి. రద్దీలో నేనూ సరిగా చదవకుండానే ప్రింటు తీశాను. సదరం పత్రంలో, అంటే వైకల్య ధ్రువపత్రంలో, ఫ్లోరోసిస్ (ఆ ఫ్లోరైడ్ జబ్బే), అర్జీలో కీళ్లవాతం ఉండటంతో కాగితం తిరిగివచ్చింది. ఆయనకు బస్సు చార్జీ, ఒక రోజు కూలి దండుగయ్యాయి.

తప్పును చూపగానే యాప్ "మీరు చెప్పింది నిజమే, క్షమించండి" అంది. ఉండబట్టలేక, కీళ్లవాతమే సరైనదని అబద్ధం చెప్పి చూశాను. దానికీ అంతే వినయంగా క్షమాపణ చెప్పింది. చైనా భాష రాని మనిషి గదిలో కూర్చుని, నియమాల పుస్తకం చూసి చైనా భాషలోనే జవాబులు అందించే ఊహను తత్వవేత్త జాన్ సెర్ల్ 1980లో ముందుకు తెచ్చాడు. నా యాప్ కూడా ఆ గదిలో మనిషి లాంటిదే. ఆ మనిషికి అర్థమైందా లేదా అన్నది పండితుల తగవు. నా తగవు ఆ జవాబుల కింద ఎవరి పేరు ఉంటుందన్నది. నోటు కింద దస్తూరి, అంటే రాసినవాడిగా తన పేరు, పెట్టినవాణ్ని రేపు కోర్టు సాక్ష్యానికి పిలిపించవచ్చు. ఆ అర్జీ మోసుకుని తిరిగివచ్చిన మనిషి ఎదుట తల దించుకున్నదీ నేనే.

ఇది నా కుడిభుజమని మొదటి ఏడాది తోటివారందరికీ చెప్పాను. ఇంగ్లీషు ఉత్తరాల వరకు ఆ మాట మీద ఇప్పటికీ నిలబడతాను. నా దగ్గరికి వచ్చేవారిలో చాలామంది చదువురానివారు. తమ అర్జీ తామే చదువుకోగలవారికి నా ఫిర్యాదు చాదస్తంగా తోచవచ్చు. ఇప్పుడు ప్రతి అర్జీనీ ప్రింటుకు ముందు ఎదుటివారికి పైకి చదివి వినిపిస్తున్నాను, యాప్ మిగిల్చిన సమయంలో సగం దానికే సరిపోతోంది.