కోరలు లేని డ్రాక్యులా కోసం బుడాపెస్ట్‌లో మూడు గంటలు

బుడాపెస్ట్‌లో మా అమ్మాయి దగ్గర నెల రోజులున్నాను. ఆమె ఆఫీసుకు వెళ్లిన ఒక గురువారం, 9,000 ఫోరింట్లు (హంగరీ డబ్బు) పెట్టి ‘డ్రాక్యులా నడక’ టికెట్టు కొన్నాను. నడిపించే సంస్థ పేరు రాయను, తిట్టాల్సింది కూడా ఉంది కాబట్టి.

ఆ పని ముందే కానిస్తాను. టికెట్టుతో పాటు చేతిలో ప్లాస్టిక్ కోరలు పెట్టారు. ఈ నడక బేలా లుగోసి గురించి. 1931 నాటి ‘డ్రాక్యులా’ సినిమాలో రక్తం తాగే పిశాచం డ్రాక్యులాగా వేసిన హంగరీ నటుడాయన. ఆ సినిమాలో ఆయన నోట్లో కోరలు ఒక్కసారి కూడా కనిపించవు. ఆ చూపు, ఆ వేళ్లు, ఆగి ఆగి పలికే ఆ మాట, వీటితోనే భయపెట్టాడాయన. డబ్బు తీసుకుని తిప్పేవాళ్లకు ఈ మాత్రం తెలియొద్దా?

అదృష్టవశాత్తూ మాకు దొరికిన గైడు డెబ్బై దాటిన రంగస్థల నటి. నోరు విప్పుతూనే నా ఉచ్చారణ సరిదిద్దారు. లుగోసి కాదు, లుగోషి. అది కూడా ‘లుగోషి బేలా’, మనలాగే ఇంటిపేరు ముందు. అసలు ఇంటిపేరు బ్లాష్కో. 1882లో పుట్టిన ఊరు లుగోష్ కాబట్టి, రంగస్థలానికి ఊరి పేరునే ఇంటిపేరు చేసుకున్నాడు. ఆ ఊరు ఇప్పుడు రొమేనియాలో ఉంది.

బ్లాహా లుయిజా కూడలిలో ఆపి, “ఇక్కడ చూడటానికి ఏమీ లేదు” అన్నారావిడ. సంచిలోంచి పాత ఫోటో తీసి, వెళుతున్న ట్రాముల మీదుగా కంటికి ఎదురుగా పట్టుకున్నారు. 1913 నుంచి 1919 దాకా లుగోసి పనిచేసిన జాతీయ నాటకశాల అది. 1965లో కూల్చేశారు. అమెరికా వెళ్లాక తాను అక్కడ ప్రధాన నటుణ్ని అని చెప్పుకున్నాడు గానీ, వేసినవి చాలావరకు చిన్న వేషాలేనట. ఆవిడ అది చెబుతూ నవ్వలేదు. “నావీ చిన్నవే” అని మాత్రం అన్నారు.

రెండో ఫోటో చూసి నేను కాసేపు తేరుకోలేకపోయాను. భుజాల దాకా జుట్టు, గడ్డం, దించిన కళ్లు: ఏసుక్రీస్తు వేషంలో లుగోసి! ప్రపంచానికి పిశాచంగా మిగిలిపోయిన మనిషి. ఆ ఒక్క ఫోటోకే నా టికెట్టు డబ్బు చెల్లిపోయింది.

ప్రపంచయుద్ధంలో పోరాడి వచ్చాడు, 1919లో నటుల సంఘం కట్టాడు. ఆ ఏడాదే, తాను సమర్థించిన బేలా కున్ కమ్యూనిస్టు ప్రభుత్వం పడిపోవడంతో వియన్నాకు, అక్కడినుంచి బెర్లిన్‌కు పారిపోయాడు. 1927లో బ్రాడ్‌వే నాటకంలో డ్రాక్యులా అయ్యాడు. సినిమాకు ముట్టింది 3,500 డాలర్లు. ఆ వేషం ఆయన్ని మళ్లీ వదల్లేదు, 1956లో డ్రాక్యులా వేషంలోని కేప్‌తోనే (భుజాల మీంచి వేలాడే పై వస్త్రం) ఖననం చేశారు.

ట్రాములో ఒక్టోగాన్ దాకా, తర్వాత 1896 నాటి చిన్న మెట్రోలో వారోష్‌లిగెట్ పార్కుకు వెళ్లాం (ఈ టికెట్లు మనమే కొనుక్కోవాలి). అక్కడి వాయ్‌దహున్యద్ కోట దగ్గర నల్ల కేప్ వేసుకున్న కుర్రవాడొకడు మమ్మల్ని అందుకున్నాడు. 1955లో లుగోసి మత్తుమందుల అలవాటు వదిలించుకోవడానికి తనంతట తానే ఆసుపత్రిలో చేరిన సంగతిని హాస్యంగా చెప్పి, మేం నవ్వుతామని ఎదురుచూశాడు. ఎవరూ నవ్వలేదు. ఈ అరగంట తీసేస్తే నడక ఎంతో బాగుపడుతుంది.

కోట ఆవరణలో ‘అనామకుడి’ (పేరు తెలియని పాతకాలపు హంగరీ చరిత్రకారుడు) విగ్రహం దగ్గర జనం కిటకిటలాడుతున్నారు. ఆ విగ్రహం చేతిలోని కలం తాకితే రాత బాగుపడుతుందని నమ్మకం, అందుకే ఆ కలం అరిగి మెరుస్తోంది. లుగోసి ప్రతిమ గోడ గూట్లో ఒంటరిగా ఉంది. 2003లో ఒక జర్మన్ కళాకారుడు అనుమతి లేకుండా పెట్టిపోయాడట, ఎవరూ తీయలేదు. కుర్రవాడు మాట్లాడుతుండగానే ఆవిడ చేతిరుమాలుతో ప్రతిమ ముక్కు మీది దుమ్ము తుడిచారు.

వెళ్లేవాళ్లు ఉదయం నడకే అడగండి, ఆవిడ వచ్చేది అప్పుడే. మెత్తటి బూట్లు వేసుకోండి. కోరలు కావాలంటే నా దగ్గరున్నాయి, కవరు కూడా విప్పలేదు.