గేలిక్ పాట కొత్తగా వినేవాళ్లకు: బట్ట కొట్టే పాటలా, లూయిస్ కీర్తనలా?

మొదటివి ఉన్ని బట్టను కొడుతూ ఆడవాళ్లు పాడుకున్న పనిపాటలు, రెండోవి లూయిస్ దీవి చర్చిల్లో పాడే బైబిల్ కీర్తనలు. రెండూ స్కాట్లాండ్ పశ్చిమ దీవులవే, అక్కడి గేలిక్ భాషలోవే, రెండింటిలోనూ ఒకరు ఎత్తుకుంటే మిగతావాళ్లు అందుకుంటారు, కానీ వింటే మాత్రం ఒకదానికొకటి సంబంధమే లేదనిపిస్తుంది.

నన్నడిగితే ముందు బట్ట కొట్టే పాటలు వినండి. మగ్గం నుంచి దిగిన ఉన్ని బట్ట దళసరిగా దగ్గరపడాలంటే దాన్ని నిలవబెట్టిన మూత్రంలో నానబెట్టి, పొడవాటి చెక్కబల్ల చుట్టూ ఆడవాళ్లు కూర్చుని, బల్లకేసి ధన్ ధన్‌మని కొడుతూ పక్కవాళ్లకు జరుపుతూ పోయేవాళ్లు. ఒకామె చరణం పాడితే మిగతావాళ్లు 'హో రో', 'హీ రీ' అంటూ పల్లవి అందుకుంటారు. భాష రాకపోయినా రెండో చుట్టుకే మీరూ కలుపుతారు. స్టూడియోలో గిటారూ ఫిడేలూ జోడించినవి బాగానే ఉంటాయి గానీ ఆ బల్ల చప్పుడు పోతే సగం ప్రాణం పోయినట్టే, అందుకే స్కాట్లాండ్ పాత రికార్డింగులు దాచిన 'టోబర్ అన్ డువల్‌ఖిష్' (Tobar an Dualchais) సైట్‌లో ఉన్న పాత రికార్డింగులే నాకిష్టం.

కీర్తనలు ఇంత తేలిగ్గా లొంగవు. గేలిక్‌లో మొదటి యాభై 1659లోనే అచ్చయ్యాయి. లూయిస్ చర్చిల్లో ఇవి వాయిద్యం లేకుండానే పాడతారు. ముందున్నాయన ఒక పాదం అందిస్తే, సభంతా అదే రాగాన్ని ఎవరి గమకాలతో వాళ్లు, ఎవరి నిదానంలో వాళ్లు సాగదీస్తారు. తాళం కోసం వెతక్కండి. నాకైతే ఒళ్లు జలదరించేది వీటికే. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని మధ్యలో ఆపకుండా వినండి, ఫోన్ స్పీకర్‌లో ఆ గొంతులన్నీ కలగలిసి గోలగా వినిపిస్తాయి.