నెదర్ పోర్టల్: నాలుగేళ్లు వాడాక

మైన్‌క్రాఫ్ట్ అనే బ్లాకుల ఆటలో నెదర్ అనే నిప్పుల పాతాళానికి తీసుకెళ్లే ద్వారం నెదర్ పోర్టల్. దాన్ని ఎలా కట్టాలో, ఎన్ని అబ్సిడియన్ (నల్లటి గట్టి రాయి) బ్లాకులు కావాలో చెప్పను. ఆడేవాళ్లందరికీ తెలిసిందే. నాకు ఈ యంత్రం మీద ఇంత ఇష్టం ఏర్పడింది ఒకే ఒక్క లెక్క వల్ల. నెదర్‌లో ఒక బ్లాక్ నడిస్తే బయట లోకంలో ఎనిమిది బ్లాకులు దాటినట్టే.

నేను డల్లస్‌లో ఉంటాను, మా అక్క కొడుకు ఖమ్మంలో. 2021 సంక్రాంతి సెలవుల్లో ఇద్దరం కలిసి జావా ఎడిషన్‌లో (కంప్యూటర్‌లో ఆడే రకం) ఒక ప్రపంచం మొదలుపెట్టాం. వాడికి మంచు కొండలు కావాలట. పోయి పోయి మా ఇంటికి 3,200 బ్లాకుల దూరంలో ఇల్లు కట్టుకున్నాడు. పరుగెత్తినా తొమ్మిదిన్నర నిమిషాల దారి అది, చీకటి పడితే దారంతా క్రీపర్లు (దగ్గరికొచ్చి పేలే జీవులు). వాడి సాయంత్రం నాకు ఉదయం. ఆఫీసు పని మొదలయ్యేలోపు నాకు దొరికేది అరగంట, అందులో ఇరవై నిమిషాలు రానూపోనూ సరిపోయేవి. పోర్టల్ పెట్టాక అదే దారి నెదర్‌లో 400 బ్లాకులకు తగ్గింది. నిమిషం పైచిలుకు, అంతే. మొదటిసారి అలా వాళ్లింటి ముందు తేలినప్పుడు "మామయ్యా, అప్పుడే వచ్చేశావా!" అని వాడు అరిచిన అరుపు నాకింకా చెవిలోనే ఉంది.

బొగ్గు వేయక్కర్లేదు, రెడ్‌స్టోన్ తీగలు (ఆటలో కరెంటు తీగల్లాంటివి) లాగక్కర్లేదు. ఒక్కసారి నిప్పు అంటిస్తే ఆ ఊదా రంగు తెర అలా వెలుగుతూనే ఉంటుంది. రెండు లోకాల కొలతల్లో ఉన్న తేడానే ఇది మనకు బలంగా మార్చి ఇస్తుంది. ఇలాంటిది ఆలోచించినవాళ్లకు దండం పెట్టాలి.

"ఎప్పుడూ ఆరిపోదు, గుడ్డిగా నమ్మొచ్చు" అని మొదట్లో నేనే అందరికీ చెప్పేవాణ్ని. ఇప్పుడు ఆ మాట అంత గట్టిగా అనలేను.

వాడి పుట్టినరోజుకు నెథరైట్ (ఆటలో అన్నిటికన్నా గట్టి లోహం) కత్తి ఇద్దామని ఒక రాత్రి దానికి కావాల్సిన ఏన్షియంట్ డెబ్రిస్ అనే ఖనిజం కోసం నెదర్‌లోకి వెళ్లాను. మూడు గంటలు తవ్వితే పదకొండు ముక్కలు దొరికాయి. సంచీ నిండా సామానుతో పోర్టల్ దగ్గరికి వచ్చేసరికి ఎక్కడినుంచో ఒక ఘాస్ట్, అగ్నిగోళాలు ఉమ్మే ఎగిరే జీవి, వచ్చింది. దాని అగ్నిగోళం నాకు తగల్లేదు, తెరకు తగిలింది. ఫ్రేమ్‌కు ఏమీ కాలేదు, తెర మాత్రం ఆరిపోయింది. ముట్టించడానికి నా దగ్గర ఫ్లింట్ అండ్ స్టీల్ (చెకుముకి రాయీ ఇనుమూ కలిపి చేసే నిప్పు సాధనం) లేదు. గ్రావెల్ తవ్వితే ఫ్లింట్ దొరికింది గానీ, ఇనుము ఒక్క ముక్క లేదు. నిలబడింది లావా సముద్రం మీది గట్టు. చచ్చిపోతే ఇంట్లో లేస్తాను, నిజమే, కానీ నా సామాను చెల్లాచెదురై లావాలో పడుతుంది. డెబ్రిస్ లావాలో కాలదు గానీ డైమండ్ పికాక్స్, కవచం బూడిదే. మేనల్లుడు ఆన్‌లైన్‌లో ఉంటే అటువైపు నుంచి వచ్చేవాడు, వాడి రాకతో ఇటు కొత్త పోర్టల్ పుట్టేది. కానీ నాకు రాత్రి పది దాటింది, వాడు స్కూలుకు బయల్దేరే వేళ. చెమటలు పట్టాయి. ఆటలో అంత టెన్షన్ ఎప్పుడూ పడలేదు.

అప్పుడు తట్టింది, ఆర్పిన నిప్పుతోనే వెలిగించొచ్చు కదా అని. ఖాళీ ఫ్రేమ్‌లోంచి గోళం దూసుకుపోతుంది కాబట్టి వెనకాల కాబుల్‌స్టోన్‌తో గోడ కట్టాను. ఘాస్ట్ గోళాలకు ఆ రాయి పగలదు. కాళ్ల కిందా అదే పరిచాను. తర్వాత ఫ్రేమ్ ముందు నిలబడి ఘాస్ట్‌కు కనిపించడం, అది ఉమ్మగానే పక్కకు దూకడం. ప్రతి గోళానికీ నిప్పు అంటుకోదు. రెండు గోళాలు పక్కకు పోయాయి, మూడోది నన్నే కొట్టింది. సగం ప్రాణంతో కాల్చిన మాంసం తింటూ కూర్చున్నాను. ఏడో గోళం గోడకు తగిలి ఫ్రేమ్ అడుగున మంట లేచింది, ఆ వెంటనే తెర భగ్గున వెలిగింది. ఇంట్లో అందరూ పడుకున్నారు, లేకపోతే గట్టిగా కేక వేసేవాణ్ని.

వాడికి కత్తి సమయానికే అందింది.

ఇంకో సంగతి. మేనల్లుడు తన ఇంటికి వంద బ్లాకుల అవతల పొలం దగ్గర రెండో పోర్టల్ పెట్టాడు. అందులోంచి నెదర్‌లోకి వెళ్లి వెనక్కొస్తే మళ్లీ పాత ఇంటి దగ్గరే తేలేవాడు. వందను ఎనిమిదితో భాగిస్తే పన్నెండున్నర. నెదర్‌లో 16 బ్లాకుల లోపు వెలిగే పోర్టల్ ఉంటే ఆట కొత్తది కట్టదు, దానికే కలిపేస్తుంది. సరిగ్గా లెక్క కట్టి నెదర్‌లో మనమే ఇంకొకటి కడితే ఆ తంటా తీరుతుంది. నేను చెప్పేలోపే వాడు నోటు పుస్తకంలో భాగహారం చేసేసి కట్టాడు. నాకు చాలా ముచ్చటేసింది.

కొనాలా వద్దా అనే ప్రశ్న దీనికి లేదు గానీ, ఎప్పుడు కట్టాలన్నది మీ ఆటను బట్టి ఉంటుంది. ఒక్కరే ఆడుతూ, ఇల్లూ గనీ పక్కపక్కనే ఉంటే దూరం కోసం తొందరపడక్కర్లేదు. నేను చెప్పిన ఆ నిమిషం దారి వెనక 400 బ్లాకుల సొరంగం ఉంది, దాన్ని తవ్వడానికి మాకు రెండు వారాలు పట్టింది. మాలాగా దూరదూరంగా ఉండి, దొరికేది అరగంటే అయితే అది తవ్వాల్సిందే. రెండువైపులా పోర్టల్ చుట్టూ కాబుల్‌స్టోన్ గది కట్టండి. నెదర్ వైపు గదిలో ఒక పెట్టె పెట్టి, అందులో రెండు ఫ్లింట్ అండ్ స్టీల్ ఉంచండి. మా పెట్టె మీద వాడు బోర్డు కూడా తగిలించాడు: "మామయ్య కోసం. తియ్యొద్దు."