‘గ్రేస్’ లెగసీ ఎడిషన్: ఆయన వద్దనుకున్న పాట కూడా నా దగ్గరుంది

అమెరికా గాయకుడు జెఫ్ బక్లీ ఆల్బమ్ ‘గ్రేస్’ని మొదట విన్నది ఉక్కునగరం క్వార్టర్‌లో, ఫ్రెండ్ దగ్గర ఎక్కించుకున్న క్యాసెట్‌లో. అప్పటికే ఆయన లేడు. 1997 మే 29న మెంఫిస్‌లో బట్టలతోనే నీళ్లలోకి దిగి మునిగిపోయాడు. వయసు 30. బతికుండగా పూర్తిచేసిన స్టూడియో ఆల్బమ్ 1994 నాటి ఈ ఒక్కటే. అందుకే 2004లో అదనపు పాటలు చేర్చి లెగసీ ఎడిషన్ తెచ్చారని తెలిసినప్పుడు ఆశతో పాటు భయమూ వేసింది. మనిషి పోయాక పెట్టెలో దొరికిందల్లా అమ్ముకుంటారేమోనని.

2008లో కొన్నాను. రెండు సీడీలు, ఒక డీవీడీ. మొదటి సీడీలో పాత పది పాటలే, అదే వరసలో. చివరి పాట ‘డ్రీమ్ బ్రదర్’ అయ్యాక గదిలో ఏ చప్పుడూ ఉండదు. ఆ కాసేపటి కోసమే నేనీ ఆల్బమ్ వింటాను. అదనపు పాటల్ని దాని వెనకే అతికించి ఉంటే అది పోయేది.

రెండో సీడీ ‘ఫర్‌గెట్ హర్’తో మొదలవుతుంది. ఆల్బమ్‌లో ఉండాల్సిన పాట. ఆయనే తీసేసి ‘సో రియల్’ పెట్టాడు. కొన్న కొత్తలో నెలల తరబడి ఇదే విన్నాను, ఎందుకు తీసేశాడా అని బాధపడ్డాను కూడా. గొంతు చించుకుని ఏడ్చే పాట, వెంటనే పట్టేస్తుంది. కానీ ‘సో రియల్’లో గిటార్ల హోరు ఉన్నట్టుండి తెగిపోయి గుసగుసగా ఒక్క మాట వినిపిస్తుందే, అది ఇన్నేళ్లయినా పాతబడలేదు. ఆయన చేసిందే సరైనదని ఇప్పుడు ఒప్పుకుంటాను. రెండూ చేతిలో ఉండబట్టే అది తెలిసింది.

మిగతావాటిలో ‘బిగ్ స్టార్’ అనే బ్యాండ్ పాట ‘కంగారూ’ పది నిమిషాలు దాటుతుంది. నాకు ఇష్టమే గానీ అందరూ కూర్చోలేరు. డీవీడీ రెండుసార్లు చూశానంతే.

2014లో హుద్‌హుద్ వచ్చినప్పుడు రోజుల తరబడి కరెంటు లేదు. డిస్క్‌మన్‌లో పెన్సిల్ సెల్స్ వేసుకుని రాత్రిళ్లు ‘కార్పస్ క్రిస్టీ కారల్’ విన్నాను. కిటికీ బయట వేళ్లతో సహా పడిపోయిన చెట్లు. ఆ సన్నటి గొంతు ఇంట్లో ఎవరో మెల్లగా మాట్లాడుతున్నట్టే ఉండేది.

మన సముద్రపు గాలికి బుక్‌లెట్ పేజీలు అతుక్కుపోయాయి. విడదీయబోతే ఒక ఫొటో పొర లేచిపోయింది. కొనేవాళ్లు సిలికా జెల్ పొట్లం వేసి బీరువాలో పెట్టండి.

దీని తర్వాత కొనాల్సింది 2003లో పెంచి తెచ్చిన ఆయన లైవ్ ఆల్బమ్ ‘లైవ్ ఎట్ షినే’. చిన్న కెఫేలో ఒక్క గిటార్‌తో పాకిస్తాన్ గాయకుడు నుస్రత్ ఫతే అలీ ఖాన్ ఖవ్వాలీ అందుకుంటాడు. ఆ అమెరికా కుర్రాడు నుస్రత్‌ని ఎంతగా ప్రేమించాడో వింటేనే తెలుస్తుంది.