రిమ్ మార్చలేదు, టైరే మార్చాను: హోండా సిటీకి 185/65 ఆర్15, ఏళ్ల వాడకం తర్వాత

నా బండి 2014లో వచ్చిన నాలుగో తరం హోండా సిటీ, పెట్రోల్, మాన్యువల్. కంపెనీ నుంచి 15 అంగుళాల అల్లాయ్‌ల మీద 175/65 ఆర్15 టైర్లతో వచ్చింది. అవి అరిగిపోయాక అదే రిమ్‌ల మీద 185/65 ఆర్15 వేయించాను. ఆ సెట్టు పూర్తిగా అరిగేదాకా వాడి, మళ్లీ అదే సైజు తీసుకుని రెండో సెట్టు మీద తిరుగుతున్నాను. అమ్మానాన్నలతో కలిపి ఇంట్లో అయిదుగురం. హైదరాబాద్‌లో రోజూ ఆఫీసుకీ, పండగలకీ పబ్బాలకీ నందిగామ దగ్గర మా ఊరికీ ఇదే బండి.

బ్రాండు విషయం ముందే చెప్పేస్తాను. ఇప్పుడున్నవి మిషెలిన్ ఎక్స్‌ఎమ్2 ప్లస్, బాగున్నాయి. కానీ ఇది సైజు గురించి రాస్తున్న సమీక్ష. టైర్ల షాపులో బ్రాండు గురించి అరగంట మాట్లాడతారు. సైజు దగ్గరకొచ్చేసరికి "205 వేసేయండి సార్, బండి లుక్కే మారిపోద్ది" అన్న ఒక్క ముక్కతో సరి. ఇంటిల్లిపాదీ కూర్చునే బండికి ఆ ఒక్క ముక్క చాలదు.

నా అభిప్రాయం ఇది: కుటుంబం కోసం వాడే సెడాన్‌కి రిమ్ పెద్దది చేయడం కన్నా, టైరు పక్కగోడ (రిమ్ అంచు నుంచి నేలను తాకే భాగం దాకా ఉండే రబ్బరు) ఎత్తు కాపాడుకోవడం ముఖ్యం. అదే రిమ్ మీద ఒక్క మెట్టు పెద్ద టైరు వేస్తే మన రోడ్లకు కావాల్సింది దాదాపు అంతా దొరుకుతుంది. అంతకు మించి వెళ్తే వచ్చేదానికన్నా పోయేదే ఎక్కువ.

లెక్క కష్టమేమీ కాదు. 175/65 ఆర్15లో 175 అంటే టైరు వెడల్పు మిల్లీమీటర్లలో. 65 అంటే ఆ వెడల్పులో 65 శాతం పక్కగోడ ఎత్తు, అంటే 113.75 మిల్లీమీటర్లు. 15 అంగుళాల రిమ్ అంటే 381 మిల్లీమీటర్లు. దానికి కిందా పైనా గోడలు కలిపితే మొత్తం చక్రం వ్యాసం 608.5. ఇలాగే లెక్కేస్తే 185/65 ఆర్15కి గోడ 120.25, వ్యాసం 621.5 వస్తుంది. అంటే చక్రం 2.1 శాతం పెరిగింది. అసలు వ్యాసం నుంచి మూడు శాతం దాటకూడదని టైర్ల వాళ్లు సాధారణంగా చెప్పే హద్దు. దాని లోపలే ఉన్నాం.

ఇక్కడ కంపెనీ ఏం చేసిందో కూడా చూడాలి. 2017లో సిటీకి మార్పులు చేసి, పై వేరియంట్లకు 16 అంగుళాల రిమ్‌ల మీద 185/55 ఆర్16 ఇచ్చారు. దాని వ్యాసం 609.9. రిమ్ ఒక అంగుళం పెరిగినా చక్రం మొత్తం మీద మిల్లీమీటరున్నర కూడా తేడా రానివ్వలేదు. ఆ అంగుళం ఎక్కడి నుంచి వచ్చిందంటే పక్కగోడలోంచే. అది 101.75కి తగ్గింది. నా టైరు గోడతో పోలిస్తే 18.5 మిల్లీమీటర్లు తక్కువ.

ఆ తేడా ఏమిటో మా బావగారి బండిలో కూర్చుంటే తెలుస్తుంది. ఆయనది ఆ 16 అంగుళాల సిటీయే. ఔటర్ రింగ్ రోడ్డు మీద లేన్ మారేటప్పుడు నా బండికన్నా చురుగ్గా, నిక్కచ్చిగా తిరుగుతుంది, అందులో అనుమానం లేదు. నందిగామ దాటి మా ఊరి దారి పట్టాక కథ మారిపోతుంది. అక్కడంతా నల్లరేగడి నేల. వానకు ఉబ్బుతుంది, ఎండకు బిగుసుకుని పగుళ్లిస్తుంది, పైన తారు ఎంత బాగా వేసినా రెండు మూడేళ్లలో అలలు అలలుగా తయారవుతుంది. ఆ రోడ్డు మీద ఆయన బండిలో ప్రతి గతుకూ నడుముకి తెలుస్తుంది. ఒకసారి వాన నీళ్ల కింద కనపడని గుంతలో చక్రం పడి, పక్కగోడ మీద కోడిగుడ్డంత బుడగ వచ్చింది. లోపలి దారాలు తెగితేనే అలా ఉబ్బుతుంది, దాన్ని బాగుచేసే పద్ధతంటూ లేదు. టైరు ట్రెడ్ (నేలను తాకే గాడుల భాగం) ఇంకా కొత్తగానే ఉన్నా తీసి పారేయాల్సి వచ్చింది. గోడ ఎత్తు తక్కువైనప్పుడు గుంత అంచుకీ రిమ్ అంచుకీ మధ్య రబ్బరు నలిగిపోతుంది. ఎత్తుగా ఉన్న గోడకి వంగడానికి చోటుంటుంది.

నా బండిలో మార్పు అందరికన్నా ముందు పట్టుకున్నది అమ్మ. ఆమెకు నడుం నొప్పి ఉంది, ఎప్పుడూ వెనక సీట్లో ఎడమ వైపు కూర్చుంటుంది. టైర్లు మార్పించానని చెప్పకముందే, స్పీడ్ బ్రేకర్ల దగ్గర బండి ఇదివరకటిలా కొట్టట్లేదంది. 6.5 మిల్లీమీటర్ల గోడ చెప్పుకోడానికి చిన్నదే. చిన్న చిన్న అతుకులు, బ్రిడ్జిల మీద జాయింట్లు, సిమెంటు గీతల లాంటి వాటిమీద మాత్రం దాని పని బాగా తెలుస్తుంది. పెద్ద గుంతలో పెద్ద తేడా ఆశించకండి, అక్కడ పనిచేయాల్సింది సస్పెన్షన్.

బండి ఎత్తు కూడా అదే 6.5 మిల్లీమీటర్లు పెరిగింది, వ్యాసం పెరుగుదలలో సగం. ఈ సిటీ గ్రౌండ్ క్లియరెన్స్ 165 మిల్లీమీటర్లు. అయిదుగురు కూర్చుని, డిక్కీ నిండా బియ్యం మూట, పచ్చళ్ల జాడీలు ఉంటే వెనక బాగా దిగుతుంది. ఊళ్లలో ఎవరికి తోచిన ఎత్తులో వాళ్లు పోసుకున్న స్పీడ్ బ్రేకర్లకు కడుపు రాసుకోవడం తగ్గింది గానీ, పూర్తిగా పోలేదు.

నాకు అన్నిటికన్నా ముఖ్యంగా అనిపించే లాభం ఎవరూ మాట్లాడనిది, లోడ్ ఇండెక్స్. అంటే టైరు ఎంత బరువు మోయగలదో చెప్పే అంకె. సైజు పక్కనే నా పాత 175 మీద 84టి అని, ఇప్పటి 185 మీద 88హెచ్ అని ఉంటుంది. 84 అంటే ఆ టైరు నిర్ణీత గాలి ఒత్తిడి దగ్గర 500 కిలోలు మోయగలదు. 88 అంటే 560. అక్షరం వేగం హద్దు: టి అయితే 190, హెచ్ అయితే 210 కిలోమీటర్లు. మనం అంత వేగం వెళ్లం, వెళ్లకూడదు కూడా. బరువు సంగతి అలా కాదు. మే నెలలో, నిండా జనంతో, సూర్యాపేట దాటాక మధ్యాహ్నం రోడ్డు పెనంలా కాలుతున్నప్పుడు టైరు మీద పడే భారం నిజమైనది. గాలి తక్కువున్న టైరు ఎక్కువ నలుగుతుంది, నలిగిన కొద్దీ వేడెక్కుతుంది, ఆ వేడే పేలడానికి దారి తీస్తుంది. ఒక్కో చక్రానికి 60 కిలోల వెసులుబాటు ఉందంటే నాకు ఆ మేరకు టెన్షన్ తగ్గినట్టే. అలాగని గాలి విషయం వదిలేయను. డ్రైవర్ డోరు తీస్తే స్టిక్కర్ మీద ఉండే లెక్క ప్రకారం, పొద్దున్నే టైర్లు చల్లగా ఉన్నప్పుడే కొట్టిస్తాను. దారి మధ్యలో వేడెక్కిన టైరులో గాలి ఎక్కువ చూపిస్తోందని తీయించేస్తుంటారు. అలా తీయిస్తే చల్లారాక టైరులో గాలి తక్కువైపోతుంది.

బ్రేకింగ్, పట్టు విషయంలో జాగ్రత్తగా చెప్పాలి. టైరు వెడల్పు పెరిగితే నేలను తాకే భాగం అంతకంతా పెరుగుతుందనుకుంటాం. బండి బరువు, గాలి ఒత్తిడి అవే అయినప్పుడు ఆ వైశాల్యం పెద్దగా మారదు. దాని ఆకారం మారుతుంది: అడ్డంగా కొంచెం పెరిగి, నిలువుగా కొంచెం తగ్గుతుంది. మలుపుల్లో నిలకడ వచ్చింది నిజం. తడి రోడ్డు మీద బ్రేకు కూడా మెరుగైంది, కానీ ఆ ఘనతలో ఎక్కువ భాగం కొత్త ట్రెడ్‌కీ రబ్బరుకీ ఇవ్వాలి. నిలిచిన నీళ్లలో వెడల్పాటి టైరు తేలే అవకాశం ఎక్కువ కాబట్టి, అదే పనిగా వెడల్పు పెంచుకుంటూ పోవడం వానాకాలానికి మంచిది కాదు.

పోయిందేమిటో కూడా చెప్తాను. మొదటిది పికప్. చక్రం పెద్దదైతే గేరింగ్ ఆ మేరకు సాగినట్టే, అంటే అదే గేర్లో ఇంజిన్ లాగే బలం కాస్త తగ్గుతుంది. ఊళ్లో తెలియదు. మన్ననూరు దాటి శ్రీశైలం ఘాట్ ఎక్కేటప్పుడు, నిండు బండితో, ఇదివరకు మూడో గేర్లో లాగిన ఒకటి రెండు మలుపుల్లో ఇప్పుడు రెండుకి దించాల్సి వస్తోంది. రెండోది మైలేజీ. హైవే మీద లీటరుకి దాదాపు ఒక కిలోమీటరు తగ్గినట్టు మీటరు చూపిస్తుంది. ఇందులో కొంత నిజం, కొంత లెక్క తేడా. చక్రం పెద్దది కాబట్టి ఓడోమీటరు 1000 కిలోమీటర్లు చూపించేసరికి, పాత టైర్ల లెక్కన బండి 1021 తిరిగి ఉంటుంది. మీటరు లెక్కన 16 వస్తే దాన్ని 16.3గా చూసుకోవాలి. సన్న టైరు కన్నా బరువైన టైరును తిప్పడానికి ఇంకాస్త పెట్రోలు తాగడం సహజమే. కంపెనీ 175 ఇచ్చింది ఆ పొదుపు కోసమేనని నా ఊహ. ఊళ్లోనే తిరుగుతూ, ఎక్కువసార్లు ఇద్దరే కూర్చునే వాళ్లకు ఆ 175 చక్కగా సరిపోతుంది, మార్చాల్సిన పనే లేదు.

స్పీడోమీటర్ గురించి భయపడక్కర్లేదు. మామూలుగా అవి అసలు వేగం కన్నా కొంచెం ఎక్కువే చూపిస్తాయి. ఫోన్లో జీపీఎస్‌తో చూసుకుంటే, మీటరు 100 దగ్గర పాత టైర్లతో అసలు వేగం 95, 96 మధ్య ఉండేది. ఇప్పుడు 97, 98.

205/65 ఆర్15 వేసుకున్న స్నేహితుడి సిటీ చూశాను. వ్యాసం 647.5, అంటే 6.4 శాతం పెరుగుదల. స్టీరింగ్ పూర్తిగా తిప్పితే ముందు చక్రం లోపలి ప్లాస్టిక్‌కి రాసుకుంటుంది. వెనక ముగ్గురు కూర్చుంటే గతుకులో చప్పుడు. మీటరు మాట నమ్మడానికి లేదు, ఔటర్ మీద 120 హద్దు దగ్గర చలాన్ ఖాయం. 17 అంగుళాల రిమ్ మీద 205/45 వేస్తే వ్యాసం 616.3, లెక్కకు చక్కగా కుదురుతుంది. గోడ మాత్రం 92 మిల్లీమీటర్లే. ఇంటి ముందు ఆగినప్పుడు అందంగా ఉంటుంది. మా ఊరి దారికి నేను వేయను.

195/60 ఆర్15 మీద నాకు మనసు పోయిన మాట నిజం. వ్యాసం 615, అసలుకి ఇంకా దగ్గర. కానీ నా రిమ్ వెడల్పు 5.5జె, అంటే అయిదున్నర అంగుళాలు. 195/60కి సరిపడే రిమ్‌లలో అది అట్టడుగు హద్దు. 185/65కి 5 నుంచి 6.5 దాకా నప్పుతుంది కాబట్టి 5.5 మీద సుఖంగా కూర్చుంటుంది. ఇంకో కారణం దొరకడం. 185/65 ఆర్15ని 2018 ఎర్టిగా, స్విఫ్ట్ పై వేరియంట్లు, 2017 డిజైర్ పై వేరియంట్లు, సియాజ్ కింది వేరియంట్లు అన్నీ వాడాయి. రాత్రిపూట కోదాడలో టైరు చిరిగినా, పొద్దున షాపు తెరిచేసరికి ఆ సైజు ఏదో ఒక కంపెనీది ఉంటుంది. పిల్లలతో, పెద్దవాళ్లతో దారిలో చిక్కుకునే మనిషికి ఇది చిన్న విషయం కాదు.

16 అంగుళాలతో బండి వచ్చినవాళ్లు, గుంతల రోడ్లలోనే ఎక్కువ తిరిగేవాళ్లయితే, కింది వేరియంట్ 15 అంగుళాల రిమ్‌లకు దిగడం గురించి ఆలోచించవచ్చు. కంపెనీ రిమ్‌లే దొరికితే మేలు. బయటివి కొంటే బోల్టుల అమరిక 4×100 (100 మిల్లీమీటర్ల వ్యాసం ఉన్న వృత్తం మీద నాలుగు బోల్టులు), మధ్య రంధ్రం 56.1 మిల్లీమీటర్లు ఉందో లేదో అడగండి. రంధ్రం పెద్దదైతే ఆ ఖాళీని పూడ్చే హబ్ రింగులు వేయించాలి, లేకపోతే హైవే మీద స్టీరింగ్ వణుకుతుంది, ఎన్నిసార్లు బ్యాలెన్సింగ్ చేయించినా పోదు.

కొనేటప్పుడు పక్కగోడ మీద నాలుగంకెల తయారీ తేదీ చూడండి. 2324 అంటే 2024లో 23వ వారం. అయిదు టైర్లూ దగ్గర దగ్గర వారాలవి కావాలని పట్టుబట్టండి, లోపల స్టాకు ఉంటుంది, తెచ్చిస్తారు.

అయిదు అని ఎందుకన్నానంటే స్టెప్నీ. చాలామంది నాలుగే మార్చి, డిక్కీలో పాత 175ని వదిలేస్తారు. అవసరమొచ్చి దాన్ని ముందు చక్రానికి వేస్తే, ఒక పక్క 608, ఇంకో పక్క 621 వ్యాసంతో తిరుగుతూ డిఫరెన్షియల్ (రెండు పక్కల చక్రాలు వేర్వేరు వేగాలతో తిరగనిచ్చే గేర్ల పెట్టె) మీద భారం పడుతుంది, బ్రేకు వేసినప్పుడు చక్రాలు బిగుసుకుపోకుండా చూసే ఏబీఎస్‌కి కూడా నాలుగు చక్రాలూ ఒకేలా తిరగాలి. నేను అయిదో టైరు కూడా అదే సైజు తీసుకుని ఇనుప రిమ్‌కి ఎక్కించాను. డిక్కీ కింది గుంతలో పట్టింది, పైన అట్ట సరిగ్గానే కూర్చుంటోంది. పాతదే ఉంచుకునేవాళ్లు ముందు చక్రం పంక్చరైతే, వెనక చక్రం ఒకటి తీసి ముందుకు వేసి, స్టెప్నీని వెనక బిగించండి. నెమ్మదిగా మొదటి పంక్చర్ షాపు దాకా వెళ్లి మార్పించేయండి. స్టెప్నీలో గాలి కూడా ప్రతి నెలా చూపించండి.